ఎనిమిది లూపులు, ఒక డిస్కు: జెఫ్ మిల్స్ దారిలో ఒక ప్రాజెక్టు డైరీ

ఏప్రిల్ మొదటి వారం

చేయాలనుకుంటున్నది ఇది. 12 అంగుళాల డిస్కు ఒకటి కోయించాలి. దాని ఒక వైపున పాటలు ఉండవు, ఎనిమిది లాక్డ్ గ్రూవులు మాత్రమే ఉంటాయి. మామూలు రికార్డులో గాడి అంచు నుంచి మధ్యకు చుట్టుకుంటూ పోతుంది, సూది కూడా దాని వెంటే లోపలికి జరుగుతుంది. లాక్డ్ గ్రూవులో గాడి ఒక్క చుట్టు తిరిగి మళ్లీ తన మొదలుకే కలిసిపోతుంది. సూది అక్కడే తిరుగుతుంటుంది, మనం చేత్తో ఎత్తేదాకా అదే ముక్క మోగుతుంటుంది.

శబ్దాలన్నీ రోలాండ్ కంపెనీ 909 డ్రమ్ మెషీన్‌వే కావాలి. నా దగ్గరున్నది అసలు 909 కాదు, దాన్ని అనుకరించి చేసిన బెహ్రింగర్ ఆర్‌డీ-9. డిస్కు చేతికొచ్చాక రెండు టర్న్‌టేబుళ్లు, ఈ మెషీన్, ఒక మిక్సర్ పెట్టుకుని అరగంట సెట్ వాయించాలి. ల్యాప్‌టాప్ టేబుల్ మీద ఉండకూడదు.

నమూనా డెట్రాయిట్ టెక్నో డీజే, ప్రొడ్యూసర్ జెఫ్ మిల్స్. ఆయన 1994లో తన సొంత లేబుల్ యాక్సిస్ మీద తెచ్చిన సైకిల్ 30 రికార్డులో ఇలాంటి లాక్డ్ గ్రూవులు ఉన్నాయి. ఈ పద్ధతి ఆయన కనిపెట్టిందేమీ కాదు. పారిస్ రేడియోలో పనిచేసిన స్వరకర్త పియర్ షాఫర్ 1948 నాటికే మూసిన గాడితో ప్రయోగాలు చేశారు. అయితే డీజే చేతికి ఒక పనిముట్టుగా, డ్యాన్స్ ఫ్లోర్ కోసం దాన్ని వాడుకున్న తీరు మాత్రం డెట్రాయిట్ వాళ్లది. మిల్స్ సంగీతం విన్న చాలామంది "అదే అదే మళ్లీ మళ్లీ వస్తోంది కదా" అంటారు. ఆ మళ్లీ మళ్లీ వచ్చే ముక్కను ఆయన ఎలా ఎంచుకుంటారు, ఎంచుకున్నాక చేతులతో ఏం చేస్తారు అన్నది నాకు చేసి చూస్తే తప్ప అర్థం కాదనిపించింది. అందుకే ఈ ప్రాజెక్టు.

నేను ఉండేది అమెరికాలో, మిషిగన్ రాష్ట్రంలోని నోవైలో. డెట్రాయిట్ నడిబొడ్డుకు కారులో ముప్పావు గంట. కార్ల కంపెనీల ఉద్యోగాలకు వచ్చిన తెలుగువాళ్లు ఈ చుట్టుపక్కల బోలెడంత మంది. ఇంత దగ్గరలో ఉండి కూడా టెక్నో అనే ఈ యంత్రాల డ్యాన్స్ సంగీతం ఇక్కడే పుట్టిందని మనవాళ్లలో తెలిసినవాళ్లు తక్కువ. ఆ బాధ కూడా నాకు ఉంది.

ఏప్రిల్, ఆ తర్వాతి శనివారం

ఈ రోజంతా లెక్కలే. ఈ డిస్కులో అన్నిటికీ మూలం ఒకే అంకె: 1.8.

రికార్డు నిమిషానికి 33⅓ చుట్లు తిరుగుతుంది. అంటే ఒక చుట్టుకు 1.8 సెకన్లు. లాక్డ్ గ్రూవు ఒక చుట్టే కాబట్టి లూపు (తిరిగి తిరిగి మోగే ముక్క) పొడవు 1.8 సెకన్లు ఉండి తీరాలి. అందులో నాలుగు బీట్లు పెడితే బీటుకు 0.45 సెకన్లు, నిమిషానికి 133.33 బీట్లు. టెక్నో నడిచే వేగం సరిగ్గా అదే. టర్న్‌టేబుల్ తిరిగే వేగమూ, డ్యాన్స్ ఫ్లోర్ అడిగే వేగమూ ఇలా కలిసిరావడం చూస్తే నాకు ఇప్పటికీ ఒళ్లు పులకరిస్తుంది. మూడు బీట్లు పెడితే 100, ఐదు పెడితే 166.67. నాలుగు దగ్గరే అంతా కుదురుతుంది.

టెక్నిక్స్ ఎస్ఎల్-1200 టర్న్‌టేబుల్‌లో వేగం మార్చే పిచ్ ఫేడర్ ఇటు 8 శాతం, అటు 8 శాతం జరుగుతుంది. అంటే ఈ లూపును 122.67 నుంచి 144 దాకా ఎక్కడైనా నడపొచ్చు. సెట్‌కు అది చాలు.

ఇంకో చిన్న నిర్ణయం: రికార్డింగ్ 48 కిలోహెర్ట్జ్‌లో చేయాలి. 1.8 సెకన్లకు 86,400 శాంపిళ్లు (ధ్వని కొలతలు) వస్తాయి, మెషీన్‌లో దెబ్బలు వేసే 16 గడులకు, అంటే స్టెప్పులకు, పంచితే ఒక్కోదానికి సరిగ్గా 5,400. అదే 44.1లో అయితే 4,961.25, ఆ పావు శాంపిల్‌ను ఎటు సర్దాలో తెలియదు. సాఫ్ట్‌వేర్‌లో టెంపో 133.33 అని కొడితే చుట్టుకు రెండు శాంపిళ్లు ఎక్కువొస్తాయి. కాబట్టి టెంపోను నమ్ముకోకుండా రికార్డు చేసిన ముక్కను 86,400 దగ్గర లెక్కపెట్టి కోస్తాను.

ఏప్రిల్ చివర

మెషీన్ మీద పని మొదలుపెట్టే ముందు మిల్స్‌ను కాలక్రమంలో మళ్లీ మొదటి నుంచి వింటున్నాను. విన్నకొద్దీ ఒకటి తేలుతోంది. ఆయన ముందు డీజే, ఆ తర్వాతే ప్రొడ్యూసర్. ఆయన ట్రాకులు అలా ఎందుకుంటాయో ఆ వరస తెలిస్తేనే అర్థమవుతుంది.

ఆయన పుట్టింది 1963లో, డెట్రాయిట్‌లో. 80లలో ది విజార్డ్ అనే పేరుతో డబ్ల్యూడీఆర్‌క్యూ, తర్వాత డబ్ల్యూజేఎల్‌బీ రేడియోల్లో మిక్సులు వాయించారు. అప్పటి డెట్రాయిట్ రేడియోలో ఎలక్ట్రిఫయింగ్ మోజో అనే డీజే జర్మన్ బృందం క్రాఫ్ట్‌వెర్క్‌నూ ప్రిన్స్‌నూ ఒకే రాత్రి వినిపించేవారు. టెక్నోకు ఆద్యులైన బెల్‌విల్ ఊరి కుర్రాళ్లు హువాన్ ఆట్కిన్స్, డెరిక్ మే, కెవిన్ సాండర్సన్ చెవులు అక్కడే తయారయ్యాయి. విజార్డ్ దారి వేరు. ఆయనది వేగం. హిప్‌హాప్, ఎలక్ట్రో, ఇండస్ట్రియల్, ఏ రికార్డయినా తనకు కావలసిన ముక్క వినిపించి ఠక్కున తర్వాతి దానికి వెళ్లిపోయేవారు. ఇంటర్‌నెట్‌లో దొరికే పాత రేడియో టేపులు వింటే ఊపిరాడదు. పాట మొత్తం అక్కర్లేదు, అందులో పనికొచ్చే నాలుగు బార్లు (నాలుగేసి బీట్ల ముక్కలు) చాలు అన్న ధోరణి అక్కడే ఉంది. ఆ నాలుగు బార్లు ఒక్క బార్‌కు తగ్గితే అదే లాక్డ్ గ్రూవు.

ఆ తర్వాత ఆంథనీ స్రాక్‌తో కలిసి ఫైనల్ కట్ అనే ఇండస్ట్రియల్ బృందం. ఆ దశాబ్దం ముగిసేసరికి మ్యాడ్ మైక్ బ్యాంక్స్‌తో అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ అనే టెక్నో బృందం. కొద్ది రోజుల్లోనే రాబర్ట్ హుడ్ వచ్చి కలిశారు. మొహాలకు మాస్కులు, ఇంటర్వ్యూలు తక్కువ, పెద్ద రికార్డు కంపెనీలతో పొత్తు లేదు. ఫ్యాక్టరీలు మూతపడి సగం ఖాళీ అవుతున్న ఊళ్లో నల్లజాతి కుర్రాళ్లు తమ రికార్డులు తామే కోయించుకుని, తామే పంచుకున్నారు. సంగీతం ఎంత గట్టిగా ఉండేదో నిలబడిన తీరూ అంత గట్టిగా ఉండేది.

1991లో బెర్లిన్‌లో, గోడ కూలాక ఖాళీగా పడి ఉన్న వెర్ట్‌హైమ్ డిపార్ట్‌మెంట్ స్టోర్ అడుగున ఉన్న లాకర్ల గదిలో ట్రెజర్ క్లబ్ తెరుచుకుంది. అదే ఏడు క్లబ్ పెట్టిన లేబుల్ మీద వచ్చిన మొదటి రికార్డు ఈ ముగ్గురిదే, ఎక్స్-101 పేరుతో. మరుసటేడు ఎక్స్-102 వచ్చింది. దాని ఇతివృత్తం శని గ్రహ వలయాలు. డిస్కు మీది గాళ్లనే వలయాలుగా ఊహించుకుని కట్టిన రికార్డు అది. ఇలాంటి పనులన్నిటి వెనకా రాన్ మర్ఫీ అనే పెద్దమనిషి ఉన్నారు. నేషనల్ సౌండ్ కార్పొరేషన్ పేరుతో డెట్రాయిట్ టెక్నో రికార్డుల మాస్టర్లు ఎన్నో కోసింది ఆయనే. 2008లో పోయారు. ప్రొడ్యూసర్ల పేర్లు అందరికీ తెలుసు, గాడి కోసిన మనిషి పేరు కూడా తెలియాలి.

1992లో మిల్స్ అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ నుంచి బయటికొచ్చి యాక్సిస్ మొదలుపెట్టారు. అదే ఏడు ట్రెజర్ మీద వేవ్‌ఫామ్ ట్రాన్స్‌మిషన్ మొదటి భాగం. నాకు అది వినడం కష్టం. గరుకు, వేగం, ఎక్కడా జాలి లేదు. రెండేళ్ల తర్వాత వచ్చిన మూడో భాగంలో గాలి ఆడుతుంది. ఆ మధ్యలో ఆయన ఏమేం తీసేశారో వింటూ ఒక సాయంత్రమంతా గడిపాను.

మే

ఇక మెషీన్.

రోలాండ్ టీఆర్-909 వచ్చింది 1983లో, తయారీ ఆగిపోయింది 1984లో. మొత్తం చేసినవి దాదాపు 10,000. అప్పట్లో అందరికీ కావలసింది అచ్చం డ్రమ్‌సెట్‌లా వినిపించే డిజిటల్ మెషీన్. 909లో కిక్ (కాలితో కొట్టే పెద్ద డ్రమ్ము మోత), స్నేర్, టామ్‌లు అనే డ్రమ్ముల మోతలు అనలాగ్ సర్క్యూట్‌తో పుడతాయి, హై-హ్యాట్, క్రాష్, రైడ్‌లు అనే తాళాల మోతలు మాత్రం 6-బిట్ శాంపిళ్లు, అంటే ముందే రికార్డు చేసి చిప్‌లో పెట్టిన శబ్దాలు. రెంటికీ చెడిందనుకుని పెద్దగా ఎవరూ కొనలేదు. సెకండ్ హ్యాండ్ షాపుల్లో చవగ్గా పడి ఉండటంతో చికాగో, డెట్రాయిట్ కుర్రాళ్ల చేతికొచ్చింది. ఇవాళ అసలుది కొనాలంటే వేల డాలర్లు.

ఆ 6-బిట్ హ్యాట్ గురించి కాస్త చెప్పాలి. శాంపిల్ గరుకుగా, అంచుల్లో సన్నటి ఇసుక రాలినట్టు ఉంటుంది. ఓపెన్ హ్యాట్ (పొడుగ్గా మోగేది), క్లోజ్డ్ హ్యాట్ (టక్కున ఆగేది) రెండూ ఒకే శాంపిల్. ఎంతసేపు మోగనివ్వాలన్నదే తేడా. అందుకే క్లోజ్డ్ డికే నాబ్ (మోత ఎంతసేపటికి ఆరిపోవాలో నిర్ణయించేది) నెమ్మదిగా తిప్పుతూ పోతే రెండింటికీ మధ్య ఉన్న చోట్లన్నీ దొరుకుతాయి. మిల్స్ రికార్డింగుల్లో హ్యాట్ "తెరుచుకుంటున్న" క్షణాలు కొన్ని ఉంటాయి. ప్యాటర్న్ మారదు, స్టెప్పు మారదు, ఒక్క నాబ్ పావు చుట్టు తిరుగుతుంది. గది మొత్తం పెద్దదైపోతుంది.

మిల్స్ వాయిస్తుండగా తీసిన ఎగ్జిబిషనిస్ట్ డీవీడీలు తిరగేస్తున్నాను. మొదటిది 2004లో, రెండోది 2015లో వచ్చింది. కెమెరాలు ఆయన చేతులనే చూపిస్తాయి. నేను గమనించి నోట్‌బుక్‌లో రాసుకున్నవి కొన్ని ఇక్కడ పెడుతున్నాను. మెషీన్ నడుస్తుండగానే స్టెప్ బటన్లు నొక్కి దెబ్బలు వేస్తారు, తీసేస్తారు. ముందే కట్టి పెట్టుకున్న ప్యాటర్న్ కాదు. కిక్ తీసేటప్పుడు లెవెల్ నాబ్‌ను ఒక్కసారిగా సున్నాకు తెస్తారు, తిరిగి తెచ్చేటప్పుడు మాత్రం సరిగ్గా బార్ మొదట్లో కాకుండా ఒక్కోసారి మధ్యలో తెస్తారు. రైడ్‌ను ఎక్కువసేపు ఉంచరు. క్లాప్‌ను వరసగా నొక్కి ఉరుము తెప్పించి, వెంటనే మొత్తం ఖాళీ చేస్తారు. ఎడమ చేయి ఎప్పుడూ టెంపో నాబ్‌కు దగ్గరలోనే ఉంటుంది, ఎందుకంటే పక్కన రికార్డు తిరుగుతోంది, దానికీ దీనికీ మధ్య తీగ లేదు, చెవి ఒక్కటే ఆధారం.

రోజూ ఆఫీసు నుంచి వచ్చాక గంటసేపు ఇదే సాధన. మొదట్లో వేళ్లకు స్టెప్పు నంబర్లు గుర్తుండేవి కావు. ఏడో స్టెప్పు మీద టామ్, పదకొండు మీద రిమ్ (డ్రమ్ము అంచు దెబ్బ) అని చూడకుండా నొక్కడం వచ్చాక కానీ చెవి ఖాళీ కాలేదు.

మే చివరి ఆదివారం

మెమోరియల్ డే వారాంతం. నది ఒడ్డున హార్ట్ ప్లాజాలో మూవ్‌మెంట్ పండగ. 2000లో కార్ల్ క్రెయిగ్ కళా దర్శకత్వంలో డెట్రాయిట్ ఎలక్ట్రానిక్ మ్యూజిక్ ఫెస్టివల్‌గా మొదలైంది ఇదే. కాంక్రీటు మెట్ల మీద నానమ్మలు, మనవళ్లు, జర్మనీ నుంచి వచ్చిన కుర్రాళ్లు. సౌండ్ సిస్టమ్ ముందు నిలబడి వింటే కిక్ ఎంతసేపు మోగుతుందన్నదే ఆటంతా అనిపించింది. ఇంట్లో హెడ్‌ఫోన్లలో నేను పెట్టుకున్న డికే చాలా పొడుగు. రాగానే అన్ని లూపుల్లోనూ తగ్గించాను.

అదే వారంలో తూర్పు గ్రాండ్ బూలెవార్డ్‌లో అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ వాళ్ల సబ్‌మెర్జ్ భవనానికీ వెళ్లొచ్చాను. కింద ఎగ్జిబిట్ 3000 పేరుతో టెక్నో మ్యూజియం ఉంది, ముందే మాట్లాడుకుని వెళ్లాలి. డెట్రాయిట్ వచ్చిన చుట్టాలకు హెన్రీ ఫోర్డ్ మ్యూజియం చూపిస్తాం కదా, పనిలో పనిగా ఇది కూడా చూపించండి.

జూన్

లూపులు కట్టడం మొదలైంది. పద్ధతి ఏమిటంటే, మెషీన్‌ను చేతులతో వాయిస్తూ చాలాసేపు రికార్డు చేస్తాను, తర్వాత ఆ టేపంతా విని అందులోంచి ఒకే ఒక్క బార్ ఏరుకుంటాను. కూర్చుని మౌస్‌తో కట్టిన బార్ ఎంత బాగున్నా కాసేపటికి చచ్చిపోతుంది. వాయించినప్పుడు దొరికిన బార్‌లో ఏదో ఒకటి సగంలో ఉంటుంది. తెరుచుకుంటున్న హ్యాట్, తగ్గుతున్న టామ్. ఆ సగంలో ఉన్నది ప్రతి చుట్టుకూ మళ్లీ మొదలవుతుంది, ఎప్పటికీ పూర్తి కాదు. చెవి దాన్ని వదిలిపెట్టలేదు.

మూడో లూపు ఎలా తయారైందో పూర్తిగా రాస్తాను. కిక్ నాలుగు బీట్ల మీదా ఉంది, అటాక్ (దెబ్బ మొదటి పోటు) ఎక్కువ, డికే తక్కువ. క్లోజ్డ్ హ్యాట్ 16 స్టెప్పుల్లోనూ. లో టామ్ 4, 7, 12, 15 స్టెప్పుల మీద. మిడ్ టామ్ 10 మీద ఒక్కటి. అప్పటికి అది మామూలు లూపు. యాక్సెంట్‌ను (దెబ్బకు ఇచ్చే ఊనికను) కిక్ మీద నుంచి తీసేసి 7, 10 స్టెప్పుల మీద పెట్టగానే మొత్తం ఒరిగింది. కిక్ నేల, టామ్ మాటలు. ఆ తర్వాత మిడ్ టామ్ ట్యూన్ నాబ్‌ను మెల్లగా పైకి తిప్పుతూ రికార్డు చేశాను. లో టామ్‌కూ దీనికీ మధ్య ఒక స్వరాంతరం కుదిరిన చోట ఆగి, ఆ బార్ కోశాను. ఒక స్టెప్పు అంటే 0.1125 సెకను. 15వ స్టెప్పులో కొట్టిన టామ్ తోక లూపు చివర దాటి పోతుంది. అక్కడ కోసేస్తే ప్రతి చుట్టులోనూ గొంతు నొక్కినట్టు వినిపిస్తుంది. కాబట్టి వరసగా రెండు బార్లు ఒకేలా వాయించి రెండోది తీసుకున్నాను. మొదటి బార్ తోక రెండోదాని మొదట్లో ఉంటుంది కనుక అతుకు తెలియదు.

అయిదో లూపు మాత్రం లొంగలేదు. కిక్, రిమ్, క్లాప్ అంతే. ఏం చేసినా లెక్కలా ఉంది. దాని సంగతి తేల్చింది మా బావమరిది. ఖమ్మం నుంచి వీడియో కాల్ చేశాడు, వెనకాల లూపు మోగుతోంది.

"బావా, ఏంటది, కార్ఖానాలో ఉన్నావా?"

"లేదురా, లూపు. ఎలా ఉందో చెప్పు."

కాసేపు విన్నాడు. వాళ్ల వీధిలో డప్పు కళాకారులు ఉన్నారు, చిన్నప్పటి నుంచి వాళ్ల వెంట తిరిగినవాడు. "దరువు బాగానే ఉంది బావా. కానీ దెబ్బలన్నీ ఒకే చోట పడుతున్నాయి. డప్పుకయితే సిర్ర మధ్యలో పడ్డప్పుడు ఒక మోత, అంచుకు పడ్డప్పుడు ఒక మోత. ఇటు చిటికెన పుల్ల ఆడుతూనే ఉంటుంది. మనిషి దరువు మార్చడు, దెబ్బ పడే చోటు మారుస్తాడు."

కాల్ పెట్టేసి అదే చేశాను. కిక్ స్టెప్పులు ముట్టుకోలేదు. వాయిస్తూ కిక్ ట్యూన్, డికే రెండూ కలిపి కొంచెం కొంచెం కదిలించాను, మూడో బీటు దగ్గర మాత్రం కాస్త లోతుగా పడేలా. రిమ్‌ను చిటికెన పుల్ల అనుకుని లెవెల్ సగానికి తెచ్చి వరసగా పరిచాను. దొరికింది. ఈ డిస్కులో నాకు అన్నిటికన్నా ఇష్టమైన లూపు ఇప్పుడు అదే. మిల్స్ నాబ్‌లు తిప్పడం ఇన్నాళ్లూ అలంకారం అనుకునేవాణ్ని. ఆ మెషీన్‌లో దెబ్బ పడే చోటు మార్చాలంటే ఉన్న దారి నాబ్ ఒక్కటే.

జూలై మొదట్లో

కోతకు సిద్ధం చేయడం. 150 హెర్ట్జ్ కింద ఉన్నదంతా మోనో చేశాను, అంటే కుడి ఎడమల్లో ఒకటే ధ్వని. హ్యాట్‌ల పైఅంచు కాస్త దించాను, లేకపోతే కోసే హెడ్‌కు కష్టం.

లూపుల వరస గురించి ఎక్కువ ఆలోచించాల్సి వచ్చింది. డిస్కు తిరిగే వేగం ఒకటే అయినా సూది కింద గాడి జరిగే వేగం ఒకటి కాదు. బయటి అంచు దగ్గర చుట్టు పొడవు దాదాపు 92 సెంటీమీటర్లు, అంటే సెకనుకు 51 సెంటీమీటర్లు. వేళ్లతో సూది పెట్టడానికి వీలుగా లూపుకూ లూపుకూ మధ్య సెంటీమీటరు చొప్పున వదిలాను, దాంతో ఎనిమిదోది కేంద్రానికి 7.5 సెంటీమీటర్ల దూరంలో పడుతోంది. అక్కడ వేగం సెకనుకు 26, ఇంచుమించు సగం. పై స్వరాలు అక్కడ మసకబారతాయి. కాబట్టి హ్యాట్, రైడ్ ఉన్నవి బయట, టామ్, కిక్ లూపులు లోపల.

డెట్రాయిట్‌లో ఇంటి బేస్‌మెంట్‌లో లేత్ (గాడి కోసే యంత్రం) పెట్టుకుని విడి డిస్కులు కోసి ఇచ్చే పెద్దాయన ఒకరు దొరికారు. పక్కనే నిలబడి చూడనిచ్చారు. లూపు కంప్యూటర్‌లో ఆగకుండా మోగుతుంటుంది, ఆయన హెడ్ దించుతారు, ఒక చుట్టు పూర్తి కాగానే ఎత్తుతారు. లూపు పొడవూ చుట్టు పొడవూ ఒకటే కాబట్టి ఎక్కడ దించినా ఫర్వాలేదు, గాడి కలిసిపోతుంది. కానీ లేత్ వేగం వెయ్యోవంతు తేడా ఉన్నా అతుకు దగ్గర 1.8 మిల్లీసెకన్లు పక్కకు జరుగుతుంది, అక్కడ ప్రతి చుట్టుకూ టిక్ మంటుంది. ఆయన వేగం సరిచూసే స్ట్రోబ్ దీపం చూసుకుని, కాసేపు వేడెక్కనిచ్చి, అప్పుడు మొదలుపెట్టారు. అతుకు సరిగ్గా కిక్ మొదలయ్యే చోట పడేలా దించడం ఆయన నైపుణ్యం. ఆ టిక్ ఉన్నా కిక్ అటాక్‌లో కలిసిపోతుంది. పల్చటి పోగు లేచి వాక్యూమ్ గొట్టంలోకి పోతుంటుంది, ఒక్కో లూపుకు ఒక్క వెంట్రుకంత పోగు. ఇన్ని వారాల పని మొత్తం ఆ ఎనిమిది వెంట్రుకలు.

జూలై నడిమి

డిస్కు ఇంటికొచ్చింది. మధ్య రంధ్రం ఒక వెంట్రుక వాసి పక్కకు ఉంది. ఒక మిల్లీమీటరులో అయిదో వంతు జరిగినా శ్రుతి ప్రతి చుట్టులో 0.2 శాతం పైకీ కిందికీ ఊగుతుంది. టామ్‌లలో అది తెలియడం లేదు. పరీక్షకని అంచున కోయించుకున్న ఒక నిలకడ స్వరంలో మాత్రం స్పష్టంగా తెలుస్తోంది. ఊగేది సరిగ్గా బార్ పొడవునా కాబట్టి, చుట్టు ముగిసేసరికి లెక్క సమానమైపోతుంది. బీట్ జారిపోదు. అది పెద్ద ఊరట.

అరుగుదల ఉంది. లాక్డ్ గ్రూవును గంటసేపు వదిలేస్తే సూది అదే గాడిలో 2,000 సార్లు తిరుగుతుంది. సాధన కోసం లూపుల డిజిటల్ కాపీలు వాడుతూ, డిస్కును రికార్డింగ్ రోజుకు దాచుకుంటున్నాను.

ఆగస్టు

సెట్ సాధన. రెండు టర్న్‌టేబుళ్ల మీద రెండు డిస్కులు, మధ్యలో మెషీన్. రెండు లూపులూ ఒకే వేగం కాబట్టి సులువు అనుకోవచ్చు. కానీ ఏ రెండు ప్లాటర్లూ (డిస్కును తిప్పే పళ్లేలు) సరిగ్గా ఒకేలా తిరగవు. చూపుడు వేలు ప్లాటర్ అంచుకు ఆనిస్తూ, వదులుతూ ఉండాల్సిందే.

మిల్స్ లిక్విడ్ రూమ్ మిక్స్‌ను ఇప్పుడు వింటే వేరేగా వినిపిస్తోంది. 1995 అక్టోబర్‌లో టోక్యో షింజుకులో మిల్స్ వాయించిన సెట్ అది, మరుసటేడు సీడీగా వచ్చింది. గంటకు కాస్త పైగా నిడివి, 30కి పైగా ట్రాకులు. సూది రాసుకున్న చప్పుడు, బీట్లు క్షణకాలం విడిపోయి మళ్లీ కలవడం, అన్నీ అలాగే ఉంచేశారు. స్టూడియో ఆల్బమ్‌లన్నీ ఒక ఎత్తు, ఇదొక్కటీ ఒక ఎత్తు అని నా నమ్మకం. రెండు రికార్డులు ఒకదాని మీద ఒకటి నడుస్తుండగా మూడోది వచ్చి, ముందున్న రెండింటి అర్థం మార్చేస్తుంది. ఒక్కో ట్రాకులో అంత ఖాళీ ఎందుకు వదిలారో అక్కడ తెలుస్తుంది. ఆ ఖాళీ పక్క రికార్డు కోసం.

నా లూపుల్లో ఆ దృష్టితో చూస్తే రెండు పనికిరావు. రెండోది, ఆరోది. ఒంటరిగా వింటే అవే అన్నిటికన్నా నిండుగా ఉంటాయి. అందుకే ఇంకోదాన్ని రానివ్వవు. మూడు, అయిదు కలిస్తే మాత్రం మూడో మనిషి ఎవరో వాయిస్తున్నట్టు కొత్త దరువు ఒకటి లేస్తుంది. దాని మీద మెషీన్‌లోంచి ఓపెన్ హ్యాట్ ఒక్కటి చాలు.

మిల్స్ ఆ తర్వాత వెళ్లిన దారులు కూడా ఈ నెల విన్నాను. 2000లో ఫ్రిట్జ్ లాంగ్ మూకీ సినిమా మెట్రోపోలిస్‌కు కొత్త సంగీతం. 2005లో దక్షిణ ఫ్రాన్స్‌లో పాంట్ డు గార్ అనే రోమన్ కాలపు కట్టడం దగ్గర మాంపెల్లియే ఆర్కెస్ట్రాతో కచేరీ. ఫ్రాన్స్ ప్రభుత్వం 2017లో ఆయనకు కళల పురస్కారంలో ఆఫీసర్ హోదా ఇచ్చింది. ఒక డెట్రాయిట్ డీజేకు దక్కిన ఆ గౌరవం చూస్తే సంతోషంగా ఉంటుంది. ఆర్కెస్ట్రా ప్రయోగం మాత్రం నన్ను అంతగా కదిలించదు. ఆయన ది బెల్స్ లాంటి ట్రాకును ఆర్కెస్ట్రా మొత్తం వాయిస్తుంటే మెషీన్‌కు చేయడానికి ఏమీ మిగలదు.

నన్ను కదిలించేది టోనీ అలెన్‌తో చేసిన పని. ఫేలా కుటీ ఆఫ్రోబీట్‌కు డ్రమ్స్ వాయించిన మహానుభావుడు ఆయన. ఇద్దరూ కలిసి టుమారో కమ్స్ ది హార్వెస్ట్ పేరుతో 2018లో ఒక ఈపీ (చిన్న ఆల్బమ్) తెచ్చారు. అక్కడ మిల్స్ 909తో అలెన్ పక్కన కూర్చుని, ఒక డ్రమ్మర్ ఇంకో డ్రమ్మర్‌కు బదులిచ్చినట్టు వాయించారు. 2020లో అలెన్ పోయారు. ఆ పేరుతోనే మిల్స్ కీబోర్డు కళాకారుడు జాన్-ఫీ డారీతో, తబలా విద్వాంసుడు ప్రభు ఎద్వార్‌తో కొనసాగించారు. 909, తబలా ఒకే వేదిక మీద. దెబ్బ పడే చోటు తెలిసిన చేతి పక్కన 909 ఎలా నిలబడుతుందో వినాలంటే వాటిని వినండి. నేను ఆ రికార్డింగులు విన్నాకే సెట్‌లో మెషీన్ పాలు పెంచాను, డిస్కుల పాలు తగ్గించాను.

ఆగస్టు చివర, ప్రస్తుత స్థితి

అరగంట సెట్‌లో మొదటి ఇరవై నిమిషాలు కుదిరాయి. చివరి భాగంలో అన్ని లూపులూ నాలుగు బీట్లవే కావడంతో బరువు ఒకే చోట పడుతోంది.

డిస్కు రెండో వైపు ఖాళీగా ఉంది. దాన్ని 45 వేగంలో కోయించాలనుకుంటున్నాను. 45లో ఒక చుట్టు 1.33 సెకన్లు, 48 కిలోహెర్ట్జ్‌లో సరిగ్గా 64,000 శాంపిళ్లు. అందులో మూడు బీట్లు పెడితే 135 వేగం వస్తుంది. పిచ్ ఫేడర్‌ను 1.2 శాతం దించితే మొదటి వైపు లూపులతో కలుస్తుంది. ఒక టర్న్‌టేబుల్ మీద 33లో నాలుగు బీట్ల చుట్టు, ఇంకోదాని మీద 45లో మూడు బీట్ల చుట్టు. రెండింటి మొదళ్లు 12 బీట్లకోసారి, అంటే 5.4 సెకన్లకోసారి కలుస్తాయి. రెండో, ఆరో లూపులను సెట్‌లోంచి తీసేసి, వాటి బదులు ఈ మూడు బీట్లవి నాలుగు కడుతున్నాను. కిక్ లేకుండా, టామ్, రిమ్, హ్యాట్‌లతోనే. లేత్ పెద్దాయనతో మాట్లాడాను. సెప్టెంబర్ రెండో వారంలో రమ్మన్నారు.